శత్రువు మనసు చదివిన అడ్మిరల్‌కు సొంత నావికుల గోడు వినపడలేదు

1946 ఫిబ్రవరి 21న ఆలిండియా రేడియోలో ఒక బ్రిటిష్ అధికారి మాట్లాడారు. తిరగబడ్డ నావికులు లొంగిపోవాలని, లేదంటే ప్రభుత్వం తన బలమంతా ప్రయోగిస్తుందని, ఇన్నాళ్లూ గర్వంగా చెప్పుకున్న నౌకాదళమే నాశనమైపోయినా వెనకాడదని హెచ్చరించారు. ఆ గొంతు రాయల్ ఇండియన్ నేవీ అధిపతి వైస్ అడ్మిరల్ జాన్ గాడ్‌ఫ్రీది. సొంత దళాన్నే నాశనం చేస్తామని దళాధిపతి బెదిరించే పరిస్థితి ఎందుకొచ్చింది?

ఆయన తెలివితక్కువవాడేం కాదు. 1939 నుంచి 1942 దాకా బ్రిటిష్ నౌకాదళ నిఘా విభాగానికి డైరెక్టర్. ఆయన సహాయకుడు ఇయాన్ ఫ్లెమింగ్ తర్వాత జేమ్స్ బాండ్ గూఢచారి కథల్లో బాండ్ పై అధికారి ‘ఎం’ అనే పాత్రకు ఈయన్నే నమూనాగా తీసుకున్నారంటారు. శత్రువును మోసగించే ఎత్తుగడలతో 1939 సెప్టెంబర్‌లో గాడ్‌ఫ్రీ పేరు మీద ఒక పత్రం వెలువడింది. తప్పుడు కాగితాలు పెట్టిన శవం శత్రువుకు దొరికేలా చేయాలన్నది అందులో ఒకటి. 1943లో సిసిలీ దాడికి ముందు బ్రిటిష్ నిఘా అధికారులు సరిగ్గా అదే పని చేసి జర్మన్లను బోల్తా కొట్టించారు. అయితే గాడ్‌ఫ్రీ మాట కటువు. మిగతా దళాల నిఘా అధిపతులతో పొసగలేదు. 1942లో వైస్ అడ్మిరల్ ప్రమోషన్ వచ్చింది, దాంతోపాటే డైరెక్టర్ పదవి పోయింది. 1943లో భారత్‌కు పంపారు.

ఇక్కడ ఆయన చేతికొచ్చింది యుద్ధం కోసం హడావిడిగా ఎన్నో రెట్లు పెంచిన నౌకాదళం. జీతాల్లో, తిండిలో, మర్యాదలో తెల్లవాళ్లకూ మనవాళ్లకూ ఉన్న తేడా ఆయన తెచ్చింది కాదు, ఆ మాట ఒప్పుకోవాలి. కానీ దాన్ని కనిపెట్టడానికి మూడేళ్లు చాలవా?

బొంబాయిలోని హెచ్.ఎం.ఐ.ఎస్. తల్వార్ సంగతే చూడండి. అది సిగ్నల్స్ శిక్షణ కేంద్రం. అక్కడి కుర్రాళ్లు చదువుకున్నవాళ్లు, వైర్‌లెస్ తెలిసినవాళ్లు. కమాండింగ్ ఆఫీసర్ కమాండర్ కింగ్ తమను బూతులు తిడుతున్నాడని ఫిబ్రవరి రెండో వారంలో కొందరు ఫిర్యాదు చేశారు. ఆ ఫిర్యాదు విచారించింది ఎవరు? కింగే. పైగా తప్పుడు ఫిర్యాదులు చేస్తే ఊరుకోనని వాళ్లకే హెచ్చరిక. బెర్లిన్‌లో ఏమనుకుంటున్నారో లండన్‌లో కూర్చుని పసిగట్టిన మనిషి కింద, బొంబాయి బ్యారక్‌లోని మాట పైకి చేరే దారి ఇదీ! నా దృష్టిలో గాడ్‌ఫ్రీ అసలు వైఫల్యం రేడియో బెదిరింపు కాదు, ఇది.

ఫిబ్రవరి 18 పొద్దున తల్వార్ నావికులు టిఫిన్ ముట్టలేదు. తిండి లేనిదే పని లేదన్నారు. సిగ్నల్స్ వాళ్లు కదా, కబురు గంటల్లో మిగతా ఓడలకు పాకింది. కరాచీ, మద్రాసు, కలకత్తా, మన విశాఖ కూడా కదిలాయి. మంచి తిండి, సమాన జీతంతో మొదలైన డిమాండ్లలో ఆజాద్ హింద్ ఫౌజ్ ఖైదీల విడుదల, ఇండోనేషియా నుంచి భారత సైన్యాన్ని వెనక్కి రప్పించడం కూడా చేరాయి. బొంబాయి వీధుల్లో జరిగిన కాల్పుల్లో రెండు వందల మందికి పైగా జనం చనిపోయారు. సర్దార్ పటేల్ సలహాపై 23న నావికులు లొంగిపోయారు. మార్చిలో గాడ్‌ఫ్రీ స్థానంలో అడ్మిరల్ మైల్స్ వచ్చారు.

ఆ తర్వాత జస్టిస్ ఫజల్ అలీ నేతృత్వంలో విచారణ సంఘం వేశారు. నావికుల్లో అసంతృప్తి ఎప్పటి నుంచో పేరుకుపోయిందని అది తేల్చింది. అంటే వాళ్ల ఫిర్యాదులు నిజమే. అయినా వందల మంది ఉద్యోగాలు ఊడాయి. ఏడాదిన్నరలో స్వాతంత్ర్యం వచ్చాక కూడా అటు పాకిస్థాన్ నేవీ గానీ, ఇటు మన నేవీ గానీ వాళ్లను తిరిగి చేర్చుకోలేదు.