కొన్నోళ్లకు సంబంధం లేదనడం తప్పు

"పాత పీఎఫ్ బాకీ పాత ఓనరుదే, ఫ్యాక్టరీ కొన్నవాళ్లకు సంబంధం లేదు" అని వ్యాసంలో రాశారు. తప్పండీ. 1952 నాటి పీఎఫ్ చట్టంలోనే, సెక్షన్ 17బిలో ఈ సంగతి రాశారు. యూనిట్ అమ్మినా, లీజుకిచ్చినా, చేతులు మారిన తేదీ వరకూ ఉన్న బాకీకి ఇచ్చినవాడూ పుచ్చుకున్నవాడూ ఇద్దరూ బాధ్యులే. కొన్నవాడికి ఉన్న వెసులుబాటల్లా ఒకటే, తనకు దక్కిన ఆస్తి విలువను మించి కట్టనక్కర్లేదు.

మా తాడిపత్రి వైపు బండల పాలిష్ యూనిట్లు చేతులు మారడం మామూలే. మా బావమరిది పనిచేసే చోటా అదే జరిగింది. పీఎఫ్ కోసమని జీతంలో 12 శాతం కోసినారు, పీఎఫ్ పాస్‌బుక్కులో మాత్రం ఏమీ పడలేదు. కొత్త ఓనరును అడిగితే "పాత బాకీలు నావి కాదని అగ్రిమెంటులో రాయించుకున్నా" అంటాడు. రాయించుకోనీ! అది వాళ్లిద్దరి మధ్య లెక్క. కట్టినాక పాతాయన దగ్గర వసూలు చేసుకోవడానికి పనికొస్తుంది గానీ, పీఎఫ్ ఆఫీసుకు అడ్డం రాదు. ఆలస్యానికి ఏడాదికి 12 శాతం వడ్డీ, జరిమానా వేరే. కార్మికుడి జీతంలో కోసి కట్టకపోతే నమ్మకద్రోహం కింద క్రిమినల్ కేసు కూడా పెట్టొచ్చు. ఇంత ముఖ్యమైన మాట వ్యాసంలో లేనేలేదు.

పనిచేసేవాళ్లు జీతం స్లిప్పులు పారేయొద్దు. కొనేవాళ్లయితే అడ్వాన్సు ఇవ్వకముందే పీఎఫ్ చలాన్లు అడగండి. మిషన్లు, కరెంటు బిల్లులు అన్నీ చూసేవాళ్లు ఇదొక్కటే ఎందుకు చూడరో!