చందా కట్టింది చూడటానికి, పంచడానికి కాదు

బెంగళూరు తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపుల్లో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది: "డబ్బు కోసం ఇష్టపడి వీడియోలు పెట్టి, లీకైందని ఏడవడమెందుకు? కొన్నవాడు ఎవరికైనా పంపుకుంటాడు. టెలిగ్రామ్‌లో పెట్టినవాణ్ణి ఎవరూ పట్టుకోలేరు. పైగా ఫ్రీ పబ్లిసిటీ!" ఇందులో ఒక్క ముక్క కూడా నిలవదు.

మారతహళ్లిలో ఇంట్లోంచే మగ్గం వర్క్ నేర్పే ఆవిడకు నెల చందా కట్టినవాళ్లు కొన్నది చూసే వీలు మాత్రమే. వీడియో మీద కాపీరైట్ ఆవిడదే, రిజిస్ట్రేషన్ చేయించకపోయినా సరే. తెలిసి దాన్ని పంచితే 1957 నాటి కాపీరైట్ చట్టం 63వ సెక్షన్ కింద మూడేళ్ల దాకా జైలు పడొచ్చు.

"ఇష్టపడే పెట్టింది కదా" అన్న మాటకే నాకు ఎక్కువ కోపం. మగ్గం వర్క్ ఆవిణ్ణి ఎవరూ అలా అనరు. తన ఒంటి ఫొటోలు, ఏకాంత వీడియోలు చందాదారులకు మాత్రమే చూపించే అమ్మాయినే అంటారు. భారతీయ న్యాయ సంహిత 77వ సెక్షన్ సూటిగా చెబుతోంది: తన ఏకాంత దృశ్యాలు తీయడానికి స్త్రీ ఒప్పుకున్నా, వేరేవాళ్లకు పంచడానికి ఒప్పుకోకపోతే, పంచడం నేరమే. పాత ఐపీసీలోనూ 2013 నుంచి ఈ మాట ఉంది. అయినా పరువు పోతుందని ఆ అమ్మాయి పీజీ ఖాళీ చేసి వెళ్లిపోవాలి, లీక్ చేసినవాడు మాత్రం దర్జాగా గ్రూపులోనే ఉండాలి! ఆమె నోరెత్తదన్న ధైర్యంతోనే వాడు ఆ పని చేస్తాడు. ఇలాంటి మెసేజ్ ఫార్వర్డ్ చేసే ప్రతి ఒక్కరూ వాడికి ఆ ధైర్యం ఇస్తున్నారు.

ఎవరూ పట్టుకోలేరా? కోచింగ్ టీచర్ నీతూ సింగ్ పాఠాలు టెలిగ్రామ్ ఛానెళ్లలో తిరిగినప్పుడు, సర్వర్లు సింగపూర్‌లో ఉన్నాయి కాబట్టి ఛానెళ్లు నడిపేవాళ్ల వివరాలు ఇవ్వలేమని టెలిగ్రామ్ వాదించింది. 2022లో ఢిల్లీ హైకోర్టు ఆ వాదన ఒప్పుకోలేదు. ఛానెళ్లు నడిపినవాళ్ల ఫోన్ నంబర్లు, ఐపీ అడ్రసులు ఇవ్వమంది. టెలిగ్రామ్ వివరాలు ఇచ్చింది. హైకోర్టు దాకా వెళ్లే స్తోమత అందరికీ ఉండదు, నిజమే. కానీ ప్రతి చందాదారుడి ఐడీ వాళ్లు చూసే వీడియో మీద వాటర్‌మార్క్‌గా పడేలా చేస్తే, ఎవరి ఖాతాలోంచి బయటికొచ్చిందో తెలిసే అవకాశం ఎక్కువ.

ఇక పబ్లిసిటీ సంగతి. ఊరికే దొరికేదానికి వచ్చే నెల చందా ఎవరు కడతారు?

లీక్ కనిపిస్తే టెన్షన్‌లో వెంటనే తీసేయమని మెసేజ్ పెట్టకండి. ముందు లింకు, తేదీ, ఛానెల్ పేరు కనిపించేలా స్క్రీన్‌షాట్లు తీసి దాచుకోండి. తర్వాత సైబర్ నేరాలు చూసే మీ ప్రాంతపు పోలీస్ స్టేషన్‌కు వెళ్లండి. వెళ్లడానికి భయమైతే నేషనల్ సైబర్ క్రైమ్ పోర్టల్ ఉంది. అశ్లీల దృశ్యాల విషయంలో అక్కడ పేరు చెప్పకుండా కూడా ఫిర్యాదు చేయొచ్చు.