స్టిక్కర్ పడని రోడ్డు

సైకిల్ లేన్ ఎక్కడ కావాలో అక్కడ ఆకుపచ్చ స్టిక్కర్ అంటించమన్నారు. బుధవారం సాయంత్రం ఆరు గంటలకి, లైబ్రరీ హాల్లో, గోడకి ఆనించిన పెద్ద మ్యాప్ మీద. అమెరికాలో మేముండే ఊళ్లో సిటీ సైకిల్ సలహా కమిటీలో వాలంటీరుగా చేరాక నేను వెళ్లిన మొదటి పబ్లిక్ మీటింగ్ అది. వచ్చిన నలభై మందిమీ తలా నాలుగు స్టిక్కర్లు తీసుకుని నది ఒడ్డున నడకకీ సైకిల్‌కీ ఉన్న ట్రైల్ పొడవునా, పార్కు చుట్టూ, పేరున్న స్కూళ్ల దగ్గరి వీధుల్లో అంటించాం. గంట గడిచేసరికి మ్యాప్‌లో పడమటి సగం పచ్చబడిపోయింది. తూర్పున వేర్‌హౌస్‌ల మధ్య నుంచి పోయే ఆరు లేన్ల రోడ్డు మీద మాత్రం ఒక్కటంటే ఒక్క స్టిక్కర్ పడలేదు. నేనూ అంటించలేదు.

నేను రోజూ ఆఫీసుకి వెళ్లేది ఆ రోడ్డు మీదే. పొద్దున్నే కాల్ ఉన్న రోజుల్లో ఇంకా చీకటి ఉండగానే బయల్దేరతాను. ఆ వేళప్పుడు ఆ రోడ్డు మీద సైకిళ్లు కనిపిస్తాయి. హెల్మెట్ ఉండదు, మెరిసే జాకెట్ ఉండదు. వెనక చిన్న ఎర్ర లైటు ఉంటే ఉంటుంది, లేకపోతే దగ్గరికి వచ్చేదాకా మనిషి ఉన్నట్టే తెలియదు.

ఒకరోజు బస్ స్టాప్ దగ్గర ఒకాయన సైకిల్ తలకిందులుగా నిలబెట్టి వెనక చక్రం విప్పుతూ కనిపిస్తే కారు ఆపాను. సీటు చిరిగిపోయింది కాబోలు, దాని మీద ప్లాస్టిక్ కవర్ చుట్టి ముడేశారు. హ్యాండిల్‌కి మామూలు టార్చిలైటు నల్ల టేపుతో కట్టి ఉంది. చైన్‌లో పడకుండా ప్యాంటు కుడికాలి అంచుని రబ్బరు బ్యాండుతో బిగించుకున్నారు. నా కారులో ఉన్న పంపు ఇచ్చాను. ట్యూబుకి అతుకు వేస్తూనే మాట్లాడారు. పొద్దున వేర్‌హౌస్‌లో, సాయంత్రం ఒక రెస్టారెంట్ కిచెన్‌లో పని. మొదటి బస్సు వచ్చేలోపే షిఫ్ట్ మొదలైపోతుంది, రెండో పని అయ్యేసరికి ఆఖరి బస్సు వెళ్లిపోతుంది. ఇదివరకు సైడ్‌వాక్ మీద, అంటే ఫుట్‌పాత్ మీద తొక్కేవారట. ఒకసారి దానికి పోలీసులు జరిమానా టికెట్ రాశారు. అప్పట్నుంచి రోడ్డు అంచున తెల్లగీత మీద తొక్కుతున్నారు, ట్రక్కుల పక్కనే.

సైకిల్ ప్లానింగ్ అనగానే మనకి గుర్తొచ్చేది ఈయన కాదు. ఆరోగ్యం కోసమో, పర్యావరణం కోసమో, సరదాగానో కారు ఇంట్లో పెట్టి సైకిల్ ఎక్కినవాళ్లు గుర్తొస్తారు. వాళ్ల మీద నాకు ఏ కోపమూ లేదు, శనివారాల్లో నేనూ వాళ్లలో ఒకణ్ణే. కానీ లెక్కలన్నీ వాళ్ల కోసమే వేసి, రోడ్లన్నీ వాళ్ల కోసమే గీసి, సైకిల్ తప్ప గతిలేని మనిషికి టికెట్ మిగల్చడం అన్యాయం. మన సిటీల్లో జరుగుతున్నది దాదాపు అదే.

ముందు లెక్కల సంగతి చూద్దాం. అమెరికా సెన్సస్ బ్యూరో 2008–12 సర్వేల ఆధారంగా 2014లో ఒక రిపోర్టు ఇచ్చింది. దేశం మొత్తం మీద పనికి సైకిల్ మీద వెళ్లేవాళ్లు 0.6 శాతం. ఏడాదికి 10,000 డాలర్లలోపు ఆదాయం ఉన్న ఇళ్లలో అది 1.5 శాతం. ఏ ఆదాయ వర్గంతో పోల్చినా అదే ఎక్కువ. అంటే ఈ దేశంలో సైకిల్ మీద ఎక్కువగా ఆధారపడింది బాగా పేదవాళ్లే. అదీ తక్కువ చేసి చెప్పిన లెక్కే. ఆ సర్వే అడిగేది, పోయిన వారం పనికి మామూలుగా ఎలా వెళ్లారు అని. ఒకటికి మించి వాహనాలు మారితే ఎక్కువ దూరం దేని మీద వెళ్లారో అదే రాయాలి. రెండు మైళ్లు సైకిల్ తొక్కి బస్ స్టాప్‌కి చేరి, అక్కణ్నుంచి ఎనిమిది మైళ్లు బస్సులో వెళ్లే మనిషి బస్సు లెక్కలోకే పోతాడు. క్లినిక్‌కి, పిల్లల స్కూలుకి, సరుకులకి వెళ్లేది అసలు లెక్కలోకే రాదు. సిటీ తన మనుషుల్ని పెట్టి లెక్కపెట్టించినా మామూలుగా రద్దీ వేళల్లోనే. తెల్లవారుజామున షిఫ్ట్‌కి వెళ్లి రాత్రి పదకొండుకి ఇల్లు చేరేవాళ్లని ఎవరు లెక్కపెట్టినట్టు?

ఒరెగాన్ రాష్ట్రంలోని పోర్ట్‌ల్యాండ్ సిటీ సైకిల్ విభాగంలో పనిచేసిన రోజర్ గెల్లర్ 2006లో జనాన్ని నాలుగు రకాలుగా విడదీశారు. దేనికీ భయపడకుండా తొక్కేవాళ్లు ఒక శాతంలోపు, ధైర్యంగా తొక్కేవాళ్లు 7 శాతం, తొక్కాలని ఉన్నా భయపడేవాళ్లు 60 శాతం, మిగతావాళ్లు ఎలాగూ తొక్కరు. ఆ 60 శాతాన్ని రోడ్డెక్కించడమే ప్లానింగ్ లక్ష్యం అన్న ఆలోచన అక్కణ్నుంచి దేశమంతా పాకింది. దానివల్ల మంచే జరిగింది. గీత గీసి వదిలేయకుండా కారుకీ సైకిల్‌కీ మధ్య దిమ్మె కట్టాలని సిటీలు ఒప్పుకోవడంలో ఆ లెక్క పాత్ర ఉంది. కానీ అది కొలిచింది జనం ఇష్టాన్ని, ధైర్యాన్ని. ఇష్టం ఉన్నా లేకపోయినా, భయం వేసినా వేయకపోయినా తొక్కక తప్పని మనిషికి ఆ నాలుగింటిలో చోటు లేదు.

ఇక టికెట్లు. నాకు నిద్ర పట్టనివ్వనిది ఇదే. ఫ్లోరిడాలోని టాంపాలో మూడేళ్లలో పోలీసులు రాసిన సైకిల్ టికెట్లలో పదింట ఎనిమిది నల్లజాతివాళ్లకే వెళ్లాయని 2015లో అక్కడి పత్రిక బయటపెట్టింది. ఆ ఊరి జనాభాలో వాళ్లు నాలుగో వంతు. మరుసటి ఏడాది ఫెడరల్ న్యాయశాఖ పరిశీలించి, ఆ భారం నల్లజాతివాళ్ల మీదే అన్యాయంగా పడిందని చెప్పింది. సియాటిల్ ఉన్న కింగ్ కౌంటీలో సైకిల్‌కి హెల్మెట్ తప్పనిసరి అన్న నిబంధన 1993 నుంచి ఉండేది. మంచి ఉద్దేశంతో పెట్టిందే. కొన్నేళ్ల టికెట్లు తీసి చూస్తే సియాటిల్‌లో దాదాపు సగం ఇల్లూ వాకిలీ లేనివాళ్లకి రాసినవే. 2022 ఫిబ్రవరిలో కౌంటీ ఆరోగ్య బోర్డు ఆ నిబంధన ఎత్తేసింది. హెల్మెట్ పెట్టుకోండని చెప్పడం మానలేదు, టికెట్ రాయడం మానింది.

షికాగో మీద 2021లో వచ్చిన అధ్యయనం అయితే ప్లానర్లందరూ టేబుల్ మీద పెట్టుకోవాల్సింది. జనాభా ప్రకారం చూస్తే తెల్లవాళ్లు ఎక్కువగా ఉండే పేటల కంటే నల్లవాళ్ల పేటల్లో ఎనిమిది రెట్లు, లాటినోల (లాటిన్ అమెరికా మూలాలున్నవాళ్ల) పేటల్లో మూడు రెట్లు ఎక్కువ సైకిల్ టికెట్లు పడ్డాయి. టికెట్లు ఎక్కువగా పడింది పెద్ద రోడ్ల మీద. అవే పెద్ద రోడ్ల మీద సైకిల్‌కి వేరే దారి ఉన్నచోట టికెట్లు 85 శాతం దాకా తగ్గాయి. ఆ దారులు తక్కువగా ఉన్నది నల్లవాళ్ల, లాటినోల పేటల్లోనే. ఇందులో అర్థం కానిదేముంది? లేన్ వేయరు. రోడ్డు మీద ట్రక్కులకి భయపడి సైడ్‌వాక్ ఎక్కితే టికెట్ రాస్తారు. నాకు బస్ స్టాప్ దగ్గర కలిసినాయన కథ షికాగో లెక్కల్లో అచ్చుగుద్దినట్టు ఉంది.

అలాగని పేదల పేటలో లేన్ గీసేస్తే అన్యాయం తీరిపోతుందా? పోర్ట్‌ల్యాండ్‌లోనే నార్త్ విలియమ్స్ అవెన్యూ దగ్గర ఏం జరిగిందో చూడండి. ఒకప్పుడు అది నల్లజాతివాళ్ల పేట. 1950ల చివర మొదలుపెట్టి స్టేడియం కోసం, ఫ్రీవే కోసం, ఆసుపత్రి విస్తరణ కోసం వరసగా వాళ్ల ఇళ్లు కూల్చారు. మిగిలినవాళ్లని తర్వాత పెరిగిన అద్దెలు తరిమేశాయి. 2011 ప్రాంతంలో ఆ వీధిలో సైకిల్ లేన్ వెడల్పు చేస్తామని సిటీ వచ్చింది. కమిటీలో ఎక్కువమంది తెల్లవాళ్లు. పాత నివాసులు అడిగింది ఒకటే. రోడ్డు దాటడానికి భయంగా ఉందని మేం మొత్తుకుంటే లేని డబ్బు, కొత్తగా వచ్చినవాళ్లు సైకిల్ తొక్కుతామనగానే ఎక్కణ్నుంచి వచ్చింది? సిటీ ఆగింది, కమిటీని పెంచింది, పేట చరిత్రని ముందు విన్నది. పని జరగడానికి 2014 అయింది. ఆలస్యం అయిందని గొణిగే సైకిల్ మిత్రులు నాకున్నారు. ఇళ్లు పోగొట్టుకున్నవాళ్ల మాట వినడానికి పట్టిన ఆ రెండు మూడేళ్లని ఆలస్యం అనడానికి నాకు నోరు రాదు.

లేన్ వస్తే అద్దెలు పెరుగుతాయన్న భయం కూడా ఉత్తదేం కాదు. తెల్లగీత ఒక్కటే అద్దె పెంచదు. కానీ ఆ గీత వచ్చే సమయానికి వెనకే కొత్త అపార్ట్‌మెంట్ల డబ్బు కూడా వస్తూ ఉంటుంది, జనానికి రెండూ కలిసే కనిపిస్తాయి. అద్దెల సంగతి అద్దెల విభాగం చూసుకుంటుంది, మాది రోడ్లే అని ప్లానర్లు అనకూడదు. అదే భయాన్ని సాకుగా పెట్టుకుని అసలు లేనే వేయకపోవడం ఇంకా పెద్ద తప్పు, ఎందుకంటే అక్కడ సైకిళ్లు ఇప్పటికే తిరుగుతున్నాయి.

బైక్ షేర్, అంటే స్టేషన్లలో ఉంచిన సైకిళ్లని కాసేపు అద్దెకి తీసుకునే పద్ధతి గురించి ఎక్కువ చెప్పను. న్యూయార్క్‌లో సిటీ బైక్ అనే బైక్ షేర్ 2013లో మన్‌హాటన్ కింది భాగంలో, బ్రూక్లిన్‌లో కొంతమేర మొదలైంది. పేదలు ఎక్కువగా ఉండే బ్రాంక్స్‌కి చేరేసరికి 2020 వచ్చింది. ఫిలడెల్ఫియా 2015లో మొదలుపెట్టినప్పుడే క్రెడిట్ కార్డు లేనివాళ్లు నగదు కట్టే వీలు పెట్టింది, పేదల పేటల్లోనూ స్టేషన్లు పెట్టింది. అనుకుంటే మొదటిరోజే చేయొచ్చు.

చేయొచ్చనడానికి బయటి ఊళ్లూ ఉన్నాయి. కొలంబియా రాజధాని బొగోటాకి 1998లో మేయర్ అయిన ఎన్రికే పెన్యలోసా, కారు కొనలేనివాళ్ల పేటల గుండా నడకకీ సైకిల్‌కీ మంచి బాటలు వేయించారు. అలమేడా ఎల్ పోర్వెనీర్ అనే బాట ఫొటోలు చూస్తే నాకు ఎప్పుడూ గుండె నిండుతుంది. పక్కన కార్లు పోయే దారి మట్టిరోడ్డు. మధ్యలో సైకిల్ బాట మాత్రం చక్కగా గచ్చు చేసి ఉంటుంది. ముందు ఎవరికి వేయాలి అన్న ప్రశ్నకి ఆ ఊరు రోడ్డు మీదే జవాబు రాసింది. స్పెయిన్‌లోని సెవిల్ 2006లో మొదలుపెట్టి నాలుగేళ్లకల్లా 120 కిలోమీటర్ల దాకా వేసింది. ఇక్కడో ముక్క అక్కడో ముక్క కాకుండా, పేటలన్నీ ఒకదానికొకటి కలిసేలా. ముక్కలుగా వేస్తే ముందు ఎవరి వీధికి వస్తుందో చెప్పక్కర్లేదు, మీటింగ్‌కి వచ్చినవాళ్ల వీధికే.

మీటింగ్‌కి వచ్చేది ఎవరంటే, మనలాంటివాళ్లం. సాయంత్రం ఆరింటికి ఖాళీ ఉన్నవాళ్లం, ఇంగ్లీషులో మూడు నిమిషాలు మాట్లాడగలిగినవాళ్లం, సొంత ఇల్లు ఉన్నవాళ్లం. మన తెలుగువాళ్లు ఈ మీటింగ్‌లకి రారని చాలామంది అంటారు. వస్తాం. మన ఇళ్లున్న కమ్యూనిటీ వెనక నుంచి ట్రైల్ వేస్తామంటే వాట్సాప్ గ్రూపులో మెసేజ్ పెట్టుకుని మరీ వస్తాం. “బయటివాళ్లు లోపలికి వస్తారు, సేఫ్టీ పోతుంది” అని చెప్పి వెళ్తాం. నాలుగేళ్ల కిందట అలాంటి పిటిషన్ మీద నేనూ సంతకం పెట్టాను. ఆ బయటివాళ్లు ఎవరో అప్పుడు ఆలోచించలేదు. ఆ ట్రైల్ పడి ఉంటే తూర్పు వైపు నుంచి మా వైపు హోటళ్లకి, స్టోర్లకి పనికి వచ్చేవాళ్లు ఆ ఆరు లేన్ల రోడ్డు మీద రెండు మైళ్లు తొక్కే పని తప్పేది. ఆరు నెలలు ఉండటానికి వచ్చి, డ్రైవింగ్ రాక, నాలుగు గోడల మధ్య కూర్చున్న మా అమ్మానాన్నలకి నడవడానికి దారి ఉండేది. కొత్తగా చదువుకోవడానికి వచ్చి, కారు కొనేదాకా పాత సైకిల్ మీద క్లాసులకి తిరిగే మన పిల్లలకీ అంతే. మనలోనూ కారు లేనివాళ్లు ఉన్నారు. మీటింగ్‌లో మన తరఫున మాట్లాడేది మాత్రం కారు ఉన్నవాళ్లమే.

మా కమిటీలో ఈ సంగతి ఎత్తితే మొదట వచ్చిన జవాబు, ఆ రోడ్డు సిటీది కాదు, రాష్ట్రానిది అని. నిజమే. ఈ దేశంలో ప్రమాదకరమైన పెద్ద రోడ్లు చాలావరకు రాష్ట్ర రవాణా శాఖ చేతిలో ఉంటాయి. వాళ్ల అనుమతి లేకుండా సిటీ అక్కడ గీత కూడా గీయలేదు. అందుకే సిటీలు తమ చేతిలో ఉన్న ప్రశాంతమైన వీధుల్లో లేన్లు వేసి, ఇన్ని మైళ్లు వేశామని లెక్క చూపిస్తాయి. మైళ్లు పెరుగుతాయి, ఆ తెల్లగీత మీద తొక్కే మనిషి బతుకు మారదు. రాష్ట్రాన్ని అడగాలంటే కాగితం కావాలి, అక్కడ సైకిళ్లు తిరుగుతున్నాయని ఎవరో ఒకరు చూపించాలి.

పోయిన అక్టోబరులో కమిటీ నుంచి నలుగురం అదే మ్యాప్, అవే స్టిక్కర్లు పట్టుకుని ఒక వేర్‌హౌస్ గేటు దగ్గర మడత టేబుల్ వేసుకున్నాం. షిఫ్ట్ మారే వేళ, పొద్దున అయిదుంపావు. స్పానిష్ వచ్చిన ఒకావిడ కూడా సాయానికి వచ్చారు. చలికి చేతులు జేబుల్లోంచి తీయకుండానే కొందరు తల ఊపి వెళ్లిపోయారు. ఆగినవాళ్లు అంటించిన చోట్లు చూసి మేం ఆశ్చర్యపోయాం. రోడ్డు పొడవునా పడతాయనుకున్నాం. ఎక్కువ భాగం రెండు చోట్లే పడ్డాయి. ఒకటి ఫ్రీవే వంతెన కింద, అక్కడ దీపాలు లేవు. రెండోది బస్ స్టాప్ పక్కన. అక్కడ లేన్ కాదు, సైకిల్‌కి తాళం వేసుకోవడానికి ఒక ఇనప రాడ్ కావాలన్నారు. ఒకాయన మా ప్రశ్నలన్నీ అయ్యాక ఇంకో స్టిక్కర్ అడిగి తీసుకుని, మ్యాప్‌లో లేని చోట, టేబుల్ చెక్క మీద అంటించారు. ఆయన ఉండే పేట ఆ మ్యాప్ అంచుకి అవతల ఉంది.

బస్ స్టాప్ రాడ్ సిటీ చేతిలో పనే, నవంబరులో వేశారు. వంతెన కింద దీపాలు, రోడ్డు అంచున దిమ్మె గురించి రాష్ట్రానికి రాసిన కాగితం మీద వచ్చే నెల రెండో మంగళవారం హియరింగ్ ఉంది. ఈసారి అడిగి అడిగి ఆన్‌లైన్‌లో కూడా పెట్టించాం, మధ్యాహ్నం ఒంటిగంటకి ఒకటి, రాత్రి ఎనిమిదికి ఒకటి. మనవాళ్లలో సైకిల్ మీద పనికో క్లాసుకో వెళ్లేవాళ్లు ఎవరైనా మాట్లాడతామంటే చెప్పండి. తెలుగులో మాట్లాడినా సరే, పక్కన కూర్చుని ఇంగ్లీషులోకి మార్చే పని నాది.