పరిచయం: ఒక వీధి గొంతు

కడప గోడల మీద కొత్త పోస్టర్ పడింది. ఇండీ సినిమా అట. అడుగున "పరిచయం: ఒక వీధి గొంతు" అని వేశారు. ఏడు రోడ్ల కూడలిలో ఇరవై ఏళ్లుగా తంబూర మీటుతూ బ్రహ్మంగారి తత్వాలు పాడే తాతను హైదరాబాద్ వాళ్లొచ్చి మాకు పరిచయం చేశారు. పనిలో పనిగా పెద్ద దర్గానూ కారం దోసెనూ పరిచయం చేసి పోతే మా జన్మ ధన్యమయ్యేది.

షూటింగ్ కళ్లారా చూశాను. సినిమా కదా అని తాత గడ్డం గీయించుకుని, తెల్లచొక్కా ఇస్త్రీ చేయించుకుని వచ్చాడు. డైరెక్టర్‌కు గుండె ఆగినంత పనైంది. అంతా సహజంగా ఉండాలి మరి! ఇద్దరు కుర్రాళ్లు ఆ చొక్కా మీద టీ డికాషన్ చల్లి, మసి పూశారు. పోయిన గడ్డం పూటలో మొలవదు కాబట్టి మేకప్ మనిషి కూర్చుని అతికించాడు. అంతా అయ్యేసరికి పదకొండు. అప్పుడు డైరెక్టర్ గారు సెలవిచ్చారు: "తాతా, యాక్టింగ్ వద్దు. నువ్వు నీలాగే ఉండు."

"నాలాగే వచ్చినా గదా నాయనా, మీరే ఇట్ల చేస్తిరి" అన్నాడు తాత.

ఆయన సత్తుగిన్నెలో యూనిట్ వాళ్లు లెక్కపెట్టి చిల్లర పోశారు. ఇంతలో బస్సు దిగిన ఒకావిడ, కెమెరా సంగతి తెలియక, పది రూపాయలు వేసి దండం పెట్టుకుని పోయింది. ఆ రోజు మొత్తంలో సహజమైనది అదొక్కటే. కట్! కంటిన్యుటీ దెబ్బతిందట.

ప్యాకప్ అయ్యాక ప్రొడక్షన్ మేనేజర్ ఆ గిన్నెను చిల్లరతో సహా వ్యాన్‌లో పెట్టేశాడు. "ప్రాపర్టీ" అట. ఎవడి ప్రాపర్టీ? ఆవిడ పది రూపాయలు మీ సినిమాకు వేసిందా? తాత చేతికి ఇచ్చింది బిర్యానీ పొట్లం!

ప్రివ్యూలో ఆఖరి టైటిల్ దాకా కూర్చున్నా. డ్రోన్ కుర్రాడి పేరుంది, డైరెక్టర్ పెంపుడు కుక్క పేరూ ఉంది. తాత వంతుకు "కడప పురప్రజలకు కృతజ్ఞతలు". మరుపు అనుకునేరు. 2012లో సవరించిన కాపీరైట్ చట్టం, ప్రదర్శనను వ్యాపారానికి వాడుకుంటే కళాకారుడికి రాయల్టీ హక్కు ఇచ్చింది. సందు కూడా అక్కడే ఉంది. సినిమాలో ఏదో అలా కనిపించి పోయి, టైటిల్స్‌లో పేరు కూడా లేని మనిషి ఆ చట్టం లెక్కలో కళాకారుడే కాడు. అలా కనిపించి పోయాడా తాత? సినిమాలో సగం ఆయన గొంతేరా! 2022లో పద్మశ్రీ అందుకుని, పెద్ద సినిమాలో పాడిన కిన్నెర మొగిలయ్యే 2024లో కూలి పనికి పోవాల్సి వచ్చింది. ఆయనకు పేరైనా ఉంది.

తాత పేరు నాకూ తెలియదు లెండి. ఇరవై ఏళ్లలో అడగలేదు. నిన్న అడుగుదామనే పోయాను. గిన్నె లేక తువ్వాలు పరిచి పాడుతున్నాడు. చొక్కా మీద డికాషన్ మరక అట్లాగే ఉంది.

"ఆ సినిమా వాళ్లు నీకు తెలుసంట గదా నాయనా," అన్నాడు, నేను నోరు తెరవకముందే. "నా గిన్నె యాడ పెట్టినారో రవంత అడుగు."