శ్రీ ట్రయలిస్ట్ గారికో శాలువా

సన్మానాల సీజన్ మొదలైంది. ఏ హాలు ముందు చూసినా ఫ్లెక్సీ, ఏ వేదిక మీద చూసినా గజమాల. కప్పినవాళ్లకే మళ్లీ కప్పుతున్నాం కాబట్టి కొందరి ఇళ్లలో బీరువాలు చాలక శాలువాలు అటకెక్కాయి. ఈ ఇబ్బంది గమనించి, ఇంతవరకు ఒక్క శాలువా కూడా అందుకోని ఒక పెద్దమనిషి పేరును సభాముఖంగా ప్రతిపాదిస్తున్నాను. ఆయన శ్రీ ఏ. ట్రయలిస్ట్. స్కాట్లాండ్ కింది డివిజన్లలో ఫుట్‌బాల్ ఆడుతుంటారు.

ఆ పేరు మీరు వినకపోతే తప్పేం లేదు. సొంత దేశంలోనే ఆయన మొహం ఎవరికీ గుర్తుండదు. కానీ శనివారం సాయంత్రం స్కోర్లు, జట్ల జాబితాలు చూసే అలవాటున్నవాడికి ఆయన ఇంట్లో మనిషి కింద లెక్క. ఒక వారం ఫోర్ఫార్‌లో లెఫ్ట్ బ్యాక్, మరో వారం స్ట్రాన్‌రార్‌లో సెంటర్ ఫార్వర్డ్. ఒక్కోసారి ఒకే మధ్యాహ్నం రెండు మూడు ఊళ్లలో దర్శనమిస్తారు. మన పురాణాల్లో తప్ప ఇంకెక్కడా చూడని విద్య ఇది.

రహస్యం ఏమీ లేదు. కింది డివిజన్ క్లబ్బులు కొత్త ఆటగాడితో సంతకం పెట్టించుకునే ముందు, అతన్ని కొద్ది మ్యాచ్‌ల్లో ఆడించి చూడొచ్చు. అవి ఉత్తుత్తి మ్యాచ్‌లు కావు, పాయింట్లున్న అసలు మ్యాచ్‌లే. ఆ కుర్రాడి పేరు బయటపెట్టరు. పెడితే పక్క ఊరి క్లబ్బు ఎగరేసుకుపోతుందని భయం. జాబితాలో 'ట్రయలిస్ట్' అని రాసి ఊరుకుంటారు. గోల్ కొట్టినా ఆ పేరు మీదే. మన దగ్గర ప్రొబేషన్‌లో ఉన్నవాడికి జీతం సగమే ఇచ్చినా, ఐడీ కార్డు మీద పేరు మాత్రం పూర్తిగా రాస్తారు. ఈయన ఆ ఆడంబరం కూడా వదులుకున్నారు. ఇంతటి నిరాడంబరుడికి మనం శాలువా కప్పలేదంటే లోపం మనదే.

ఇక వారి వృత్తి వివరాలు. 2013 నుంచి అక్కడి లీగ్ నాలుగంతస్తుల మేడ, మొత్తం 42 క్లబ్బులు. పై అంతస్తులో 12, మిగతా మూడింటిలో పదేసి. పైన సెల్టిక్, రేంజర్స్ లాంటి జమీందార్లుంటారు. కింది రెండు అంతస్తుల్లో ఎక్కువమంది పగలు ఎక్కడో ఒకచోట పని చేసుకుని, వారానికి రెండు రాత్రులు ప్రాక్టీసు చేసి, శనివారం మూడు గంటలకు గ్రౌండ్‌లో దిగేవాళ్లే.

"అబ్బాయి ఏం చేస్తుంటాడు?" అని అడిగితే "ప్రొఫెషనల్ ఫుట్‌బాలర్" అంటారు. "అది సరే, ఉద్యోగం?" అని రెండో ప్రశ్న వేస్తే తప్ప ప్లంబర్ అన్న నిజం బయటికి రాదు. ఇందులో మోసం లేదు. డబ్బు తీసుకుని ఆడేవాడు ప్రొఫెషనల్. ఎంత తీసుకోవాలో ఏ నిఘంటువులోనూ రాసిలేదు. ఈ సందు పట్టుకున్న ఘనత ఫాల్కిర్క్‌లోని ఈస్ట్ స్టిర్లింగ్‌షైర్ క్లబ్బుది. 2000ల మొదట్లో ఆటగాళ్లకు వారానికి 10 పౌండ్లు ఇచ్చేవారు. మన లెక్కలో అప్పటి ఏడెనిమిది వందల రూపాయలు. ఇన్‌కమ్ ట్యాక్స్ వాళ్లు దండం పెట్టి వెళ్లిపోయే జీతం.

ఆ క్లబ్బును తేలిగ్గా తీసిపారేయకండి. తర్వాత మాంచెస్టర్ యునైటెడ్ మేనేజర్‌గా ప్రపంచ ప్రసిద్ధుడైన అలెక్స్ ఫెర్గూసన్ 1974లో ఓనమాలు దిద్దుకున్నది అక్కడే. చేరేసరికి ఆటగాళ్లు ఎనిమిది మంది, అందులో గోల్‌కీపర్ లేడు. పెళ్లి పెద్దగా రమ్మన్నారు కదా అని వెళితే, పందిరి, వంటలు ఉన్నాయి, పెళ్లికొడుకును మాత్రం మీరే వెతకాలి అన్నట్టుంది వ్యవహారం.

పెళ్లంటే గుర్తొచ్చింది. 2012లో ఆర్థికంగా దివాళా తీసిన రేంజర్స్‌ను నాలుగో అంతస్తుకు దింపారు. 54 సార్లు లీగ్ గెలిచిన జమీందారు పాలేళ్ల వాడలో అద్దెకు దిగాడు. ఆ అక్టోబర్ 6న స్టిర్లింగ్ అల్బియన్‌తో మ్యాచ్. స్టిర్లింగ్ అప్పుడు పట్టికలో అట్టడుగున ఉంది. పైగా ఆ రోజే వాళ్ల మేనేజర్‌ పెళ్లి. ముహూర్తం ముందే పెట్టేసుకున్నారు, మార్చడం కుదరలేదు. ఆయన పెళ్లిపీటల మీదుంటే ఇక్కడ కుర్రాళ్లు 1-0తో రేంజర్స్‌ను ఓడించారు. మేనేజర్ అవసరం ఎంతో ఇంతకంటే శాస్త్రీయంగా ఎవరూ నిరూపించలేదు. మిగతా క్లబ్బులు తమ మేనేజర్లకు వారం వారం పెళ్లిళ్లు ఎందుకు చేయలేదో నాకిప్పటికీ అర్థం కాదు.

పని వాతావరణం సంగతి. ఆర్‌బ్రోత్ ఊళ్లో గేఫీల్డ్ పార్క్ అనే గ్రౌండ్ ఉంది. ప్రహరీ గోడ, దాని వెనకాల వెంటనే ఉత్తర సముద్రం. పోటు మీదున్నప్పుడు అలలు గోడ దాటి లోపలికొచ్చి మ్యాచ్ చూసి పోతాయి. గోల్‌కీపర్ ఒళ్లంతా బలం తెచ్చుకుని బంతిని తంతాడు. అది లేస్తుంది, సగం గ్రౌండ్ దాకా వెళ్లి గాల్లో ఆగుతుంది, కాసేపు ఆలోచిస్తుంది, తన్నినవాడి నెత్తి మీదకే తిరిగొస్తుంది. ఆ చలిలో చేతుల్లో మాంసం కూరిన వేడి 'పై' రొట్టె పట్టుకుని, దాన్ని తినాలా చేతులు కాచుకోవాలా అని తేల్చుకోలేక నిలబడతారు జనం.

అక్కడివాళ్లు 1885లో బాన్ అకార్డ్ అనే జట్టు మీద 36-0తో గెలిచారు. ఆ లెక్కలు చూసుకుంటూ శతాబ్దం పైగా హాయిగా బతికేస్తే పోయేది. 2021-22లో పార్ట్‌టైమ్ జట్టుతో ఏకంగా పై అంతస్తు ఎక్కబోయారు. రెండు పాయింట్ల తేడాతో టైటిల్ కిల్మార్నాక్‌కు పోయింది, ఆ తర్వాత పైకెక్కడానికి మిగిలిన రెండో దారి ప్లేఆఫ్‌లో పెనాల్టీల్లో ఓడారు. ఆ జట్టు వింగర్ బాబీ లిన్ పగలు చెత్త బండి మీద పనిచేసేవాడు. గెలిచి పైకి వెళ్లుంటే సెల్టిక్‌తో ఆడడానికి సెలవు చీటీ రాయాల్సొచ్చేది. దేవుడు కాపాడాడు.

ఒత్తిడి లేని ఉద్యోగం కావాలనేవాళ్లకు బ్రీకిన్ సిటీ అనే క్లబ్బు 2017-18 సీజన్ చూపిస్తాను. 36 మ్యాచ్‌లు, ఒక్క గెలుపూ లేదు, నాలుగు డ్రాలకు నాలుగు పాయింట్లు. ఈ ఏడాది టార్గెట్ రీచ్ అయ్యావా అని అడిగే బాసు అక్కడ నోరెత్తగలడా? వాళ్ల గ్రౌండ్‌కు ఒకవైపు పొడవునా ఏపుగా పెరిగిన పచ్చటి చెట్ల కంచె ఉంటుంది. సీజన్ మొత్తం మీద స్థిరంగా నిలబడి డిఫెన్స్ చేసింది అదొక్కటే.

వాయిదాల విషయంలో మన సివిల్ కోర్టులకు ఎదురులేదని ఇన్నాళ్లూ గర్వపడ్డాను. 1979లో ఇన్వర్నెస్ థిసిల్, ఫాల్కిర్క్ జట్ల మధ్య కప్ మ్యాచ్ చలికి 29 సార్లు వాయిదా పడిందని తెలిశాక కాస్త తగ్గాను. ఇరవై తొమ్మిది సార్లు ఇంట్లో చెప్పి, సంచీ సర్దుకుని, మళ్లీ సంచీ విప్పి ఉంటారు. ఆ ఇళ్లలో ఎలాంటి మాటలు పడ్డాయో రికార్డు పుస్తకాల్లో లేదు.

దారి తప్పినవాళ్ల గురించీ చెప్పాలి, లేకపోతే యువతను మోసగించినట్టవుతుంది. 1867 నుంచి 2019 దాకా క్వీన్స్ పార్క్ క్లబ్బు ఆటగాళ్లకు అణా పైసా ఇవ్వలేదు. ఆట కోసమే ఆట అన్నది వాళ్ల నినాదం. యాభై వేలమంది పట్టే హాంప్‌డెన్ స్టేడియంలో కొన్ని వందల మంది ముందు ఆడేవాళ్లు. 2012లో అక్కడ చేరిన ఆండీ రాబర్ట్‌సన్ అనే పద్దెనిమిదేళ్ల కుర్రాడు, ఈ వయసులో జేబులో డబ్బుల్లేకపోతే బతుకు వేస్టని, ఉద్యోగం కావాలని ట్విట్టర్‌లో మొరపెట్టుకున్నాడు. అదే స్టేడియంలో టికెట్ల కోసం వచ్చే ఫోన్లు ఎత్తే పని చేశాడు. బుద్ధిగా ఆ సీట్లోనే కూర్చుంటే ఈపాటికి సూపర్‌వైజర్ అయ్యేవాడు. లివర్‌పూల్ క్లబ్బుకు వెళ్లాడు, 2019లో చాంపియన్స్ లీగ్ గెలిచాడు, దేశానికి కెప్టెన్ అయ్యాడు. పేరు, మొహం అన్నీ అందరికీ తెలిసిపోయాయి. శ్రీ ట్రయలిస్ట్ గారు ఇలాంటి ప్రలోభాలకు ఏనాడూ లొంగలేదు.

కాబట్టి సన్మాన సంఘం పెద్దలు ఆలస్యం చేయకుండా తీర్మానం చేయాలి. జ్ఞాపిక అక్కర్లేదు, దాని మీద ఏ పేరు చెక్కించాలో తేలదు. ఫొటో కూడా వద్దు. శాలువా ఒక్కటి చాలు. జరీ అంచుతో, దోమతెర లాగా ఉండే మన సభల శాలువా కాదు, మందపాటి ఉన్నిది పంపండి. గేఫీల్డ్‌లో సబ్‌స్టిట్యూట్‌ల బెంచీ మీద, సముద్రం వైపు చివరన కూర్చుని వణుకుతున్నది ఆయనే. కొలతలు మాత్రం అడగొద్దు. ఈ శనివారం ఆయన ఆరడుగులుంటారు, వచ్చే శనివారం అయిదున్నరే.