జెరాక్సు యంత్రమే గురువు

బ్రిటిష్ నటి విక్కీ మెక్‌క్లూర్ ప్రస్తావన వస్తే చాలు, ఎవరో ఒకరు ఈ మాట అని తీరతారు: "డబ్బు లేక పడ్డ కష్టాలే ఆమెను అంత మంచి నటిని చేశాయి." నిన్న మా మిత్రులొకరు అన్నారు, అదీ కాఫీ చప్పరిస్తూ. ఇంత గొప్ప సిద్ధాంతాన్ని ఊరికే వదిలేయడం పాపం.

నాటింగ్‌హామ్ అమ్మాయి. 1999లో షేన్ మెడోస్ తీసిన 'ఎ రూమ్ ఫర్ రోమియో బ్రాస్'తో తెరకెక్కింది. 2006లో ఆయనదే 'దిస్ ఈజ్ ఇంగ్లండ్'లో లాల్ పాత్ర. పాత్రలు పోషించింది ఆమె. ఏళ్ల తరబడి ఆమెను పోషించింది మాత్రం ఆఫీసు ఉద్యోగం. మధ్యలో పాప్ గాయని మడోన్నా దర్శకత్వంలోనూ నటించింది. 2008లో ఆ సినిమాను బెర్లిన్ చిత్రోత్సవంలో ప్రదర్శించారు.

దానికోసం ఆఫీసులో ఇచ్చిన సెలవు చీటీ ఎలా ఉండేదో ఊహించుకుంటుంటాను. "కారణం: మడోన్నా. జ్వరం కాదు." మేనేజరు కళ్లద్దాలు సవరించుకుని, "సరేనమ్మా, ఆవిడ సంతకం పెట్టించుకురా" అంటారు. సోమవారం తిరిగొచ్చేసరికి జెరాక్సు యంత్రంలో కాగితం ఇరుక్కుని ఉంటుంది. అందరూ ఆమె వంకే చూస్తారు. నటివి కదా, కాస్త దాన్ని బతిమాలు!

ఈ లెక్కన నా జాలంతా బ్రిటన్‌లో డబ్బున్నవాళ్లు చదివే ఈటన్ బడి పిల్లల మీదే. నటులు ఎడీ రెడ్‌మేన్, టామ్ హిడిల్‌స్టన్, డామియన్ లూయిస్, డొమినిక్ వెస్ట్ అక్కడే చదివారు, పాపం. బడికి సొంత నాటకశాల కూడా ఉంది. ఒక్కరికైనా ఇరుక్కున్న కాగితం లాగే భాగ్యం దక్కిందా? ప్రభుత్వం వెంటనే అక్కడ నాలుగు పాత జెరాక్సు యంత్రాలు పెట్టించాలి. చెడిపోయినవైతే మరీ మంచిది, నటనలో లోతు వస్తుంది.

పేరున్న ఇటాలియా కాంటీ నటనా పాఠశాల ఆమెకు సీటిచ్చింది. ఇంట్లో ఫీజు కట్టే స్థోమత లేదు, చేరలేదు. దానికి కష్టమని పేరు పెట్టి దండలు వేయకండి. అది ముఖాన మూసిన తలుపు! ఆమె కిటికీలోంచి దూరి వచ్చి 2011లో బ్రిటన్‌లో నటులకిచ్చే పెద్ద అవార్డు బాఫ్టా అందుకుంది. దూరలేక ఆ ఆఫీసు బల్లల దగ్గరే ముసలివాళ్లవుతున్న వాళ్ల సంగతేమిటి? వాళ్లు పడ్డవి కష్టాలు కావా? మరి వాళ్లనెందుకు నటుల్ని చేయలేదు మీ కష్టాలు?

2021లో ఆమె నటించిన పోలీసు టీవీ సీరియల్ 'లైన్ ఆఫ్ డ్యూటీ' ఆరో సిరీస్ ఆఖరి భాగాన్ని 1 కోటి 28 లక్షల మంది చూశారు. మా మిత్రులూ చూశారట. కాఫీ ముగించి లేచారు. వాళ్లబ్బాయిని నటన శిక్షణకు దింపాలట. ఏసీ హాలు, ఫీజు కాస్త ఎక్కువేనట. కష్టాలు దొరికే చోటు చెబుతానన్నాను. కారు తాళాలు వెతుక్కుంటూ వినిపించుకోలేదు.