తెర మీద చుక్క సరే, ఆదేశం ఎవరిది?

శ్రీహరికోట ఇప్పుడు మన తిరుపతి జిల్లాలోదే. 2018 డిసెంబర్ 19న అక్కడి నుంచి జీఎస్ఎల్వీ రాకెట్ మోసుకెళ్లిన జీశాట్-7ఏ ఉపగ్రహం వాయుసేన కోసమే తయారైంది, విమానాలకూ నేల మీది కేంద్రాలకూ మధ్య మాట తెగకుండా చూడటానికి. అయినా మూడు నెలలు తిరగకముందే, 2019 ఫిబ్రవరి 27న, శ్రీనగర్ నుంచి వెళ్లిన మన క్షిపణే మన ఎంఐ-17 హెలికాప్టర్‌ను బడ్గాంలో కూల్చేసింది. ఆరుగురు వాయుసైనికులు, నేల మీద ఉన్న ఒక పౌరుడు చనిపోయారు. తప్పు మాదేనని వాయుసేనే ఒప్పుకుంది.

అసలు ఆకాశాన్ని కనిపెట్టుకుని కాల్చాలా వద్దా తేల్చే ఆ గదిలో ఏం జరుగుతుంది? రాడార్‌కు చిక్కింది ఏదైనా తెర మీద చుక్కై కనిపిస్తుంది, దానికో నంబర్ పడుతుంది, వేగం, ఎత్తు, దిశ తెలుస్తాయి. మనదా, పరాయిదా అని గుర్తుపట్టే ఐఎఫ్ఎఫ్ అనే పరికరం దానికి కోడ్ సిగ్నల్ పంపుతుంది, మనదైతే సరైన జవాబు వస్తుంది. రాకపోతే శత్రువేనని కాదు, అవతల పరికరం ఆపేసి ఉండొచ్చు, పాడై ఉండొచ్చు. గాల్లో మనవాళ్లు ఎవరున్నారో అప్పుడు మనిషే కనుక్కోవాలి, కాల్చమనే అధికారం ఉన్నవాడే కాల్చమనాలి, అదీ కొద్ది నిమిషాల్లో, తలపగిలే టెన్షన్‌లో.

ఒక్క వాయుసేనలోనే ఇలా జరిగితే, మూడు దళాలు కలిసి దిగినప్పుడు మాటేమిటి?

యంత్రాల విషయంలో బాగానే ముందుకొచ్చాం. 2025 మేలో పాకిస్తాన్ డ్రోన్లు, క్షిపణులు వచ్చినప్పుడు రాడార్ల సమాచారాన్ని ఒకే తెర మీదికి తెచ్చే వాయుసేన ఐఏసీసీఎస్, ఆర్మీ ఆకాశ్‌తీర్ వ్యవస్థలు కలిసి పనిచేశాయి. మనుషుల దగ్గరికొచ్చేసరికే నత్తనడక. మూడు దళాలకూ కలిపి మొదటి కమాండ్ అండమాన్‌లో 2001లో పెట్టారు, త్రిదళాధిపతి (సీడీఎస్) పదవిలో మొదటి మనిషి 2020 జనవరిలో గానీ కూర్చోలేదు. ఉమ్మడి కమాండర్ తన కింద పనిచేసే వేరే దళం మనిషి మీద క్రమశిక్షణ చర్య తీసుకునే అధికారం కోసం 2023 చట్టం దాకా ఆగాల్సి వచ్చింది, అంతవరకూ ఆ మనిషిని సొంత దళానికి తిప్పి పంపడమే!

ప్రాంతానికొక ఉమ్మడి కమాండర్ కింద మూడు దళాలనూ పెట్టాలన్నది ఆలోచన, ఆ ప్రాంతాన్నే థియేటర్ అంటారు. ఉన్న కొద్ది స్క్వాడ్రన్లను, అంటే యుద్ధ విమానాల బృందాలను, థియేటర్ల మధ్య పంచితే ఎక్కడా సరిపోవన్న వాయుసేన భయం ఉత్తది కాదు. మంజూరైనవి 42 స్క్వాడ్రన్లు, దాని దగ్గర అన్ని లేనే లేవు. అయితే దానికి మందు ఆలస్యం కాదు. ఏ థియేటర్‌కు ఎవరు కమాండర్, విమానాలను అటూ ఇటూ మార్చే అధికారం ఎవరిది, దళాధిపతుల చేతిలో ఏం మిగులుతుంది అన్నవి రక్షణ శాఖ రాతపూర్వకంగా తేల్చాలి, తేల్చి పార్లమెంటు ముందు పెట్టాలి. మన చిత్తూరు, పలమనేరు వైపు నుంచి బిడ్డల్ని సైన్యానికి పంపిన తల్లిదండ్రులకు, ఆ బిడ్డలు ఎవరి ఆదేశం మీద కదులుతారో తెలుసుకునే హక్కుంది.